మూడో సిపాయి కళ్ళు

ముక్కు దగ్గర ఆగిపోయి ఉంటే సరిపోయేది, ముక్కు ఎవరిదైనా ముక్కే, దాని కోసం ఎవడూ గొడవ పెట్టుకోడు, విరిగిన చోట రాయి కాస్త ఎత్తుగా మిగిలిందిలే అని డిజైనర్ మేడమ్ కూడా ఊరుకునేదేమో, కానీ ముక్కు దాటి నోటి దాకా పోయాడు, నోరు దాటి నిన్న పొద్దున కళ్ళు కూడా తెరిచేశాడు, కళ్ళు తెరిచాక దాన్ని ఇంక రాయి అని ఎట్లా అనుకోవడం, అప్పాజీ ఆచారి సుత్తి ఒళ్ళో పెట్టుకుని, ఖాళీ పెయింటు డబ్బా బోర్లించి దాని మీద కూర్చుని, ఎదురుగా నిలబెట్టిన పాలరాతి పలకను చూస్తున్నాడు, ఎనిమిదడుగుల పొడుగు, ఐదడుగుల ఎత్తు, అందులో ఆరుగురు రోము సిపాయిలు, తలల మీద ఈకలు పెట్టిన ఇనప టోపీలు, చేతుల్లో కోలగా ఉన్న డాళ్ళు, వెనకాల ఒక కర్ర మీద రెక్కలు విప్పిన గద్ద, అసలు రాయి రెండు వేల ఏళ్ళ కిందటిదట, ఏ దేశంలోనో మ్యూజియంలో ఉందట, దాని ఫోటోలు పెద్దవి తీయించి ప్లైవుడ్డు మీద అంటించి ఇచ్చారు, దీన్ని చూసి దీనిలాగే చెయ్యి ఆచారీ, మిషను పని వద్దు, చేత్తో చెక్కిందే కావాలట అన్నాడు ముదీర్, అంటే ఇక్కడి మేనేజరు, మూడు నెలలు చెక్కాడు, ఫోటోలో మూడో సిపాయికి మొహం లేదు, ఎప్పుడో ఎవరో కొట్టేశారు, నుదుటి నుంచి గడ్డం దాకా ఒట్టి గరుకు, అప్పాజీ చెక్కిన రాతిలో మూడో సిపాయికి మొహం ఉంది, పొద్దున డిజైనర్ మేడమ్ ఫోటో పైకెత్తి, దించి, మళ్ళీ ఎత్తి, ఇతనెవరు అని అడిగింది, మా క్లయింటుకు పాతది కావాలి, పగిలింది పగిలినట్టే కావాలి, పైగా అందరూ ముందుకు చూస్తుంటే ఇతనొక్కడే పక్కకెందుకు చూస్తున్నాడు అంది, అప్పాజీ నోరు తెరిచేలోపే ముదీర్ అందుకున్నాడు, మాఫీ ముష్కిల్ మేడమ్, ఏం ఇబ్బంది లేదు, తీసేస్తాడు అని ఆమెను కారు దాకా సాగనంపి వచ్చి, ఖలాస్ ఆచారీ, నేను జుమ్మా నమాజు నుంచి వచ్చేసరికి ఈ మొహం ఉండకూడదు, మూడింటికి ట్రక్కు వస్తుంది, నీ వీసా రెన్యూవల్ కాగితం నా బల్ల మీదే ఉంది, మర్చిపోకు, అన్నాడు.

పగలగొట్టడానికి కూడా చెయ్యి రావాలి కదా, యాభై నాలుగేళ్ళొచ్చాయి, పన్నెండో ఏట ఉలి పట్టాడు, ఇన్నేళ్ళలో మొహం కొట్టెయ్యమని అడిగిన మనిషిని చూడలేదు, ఊళ్ళో, ఆళ్ళగడ్డలో అయితే స్వామివారి చిటికెనవేలు కొసన పిసరు లేచిపోయినా ఆ విగ్రహం భిన్నమైపోయినట్టే, గుడివాళ్ళు ముట్టరు, ఆర్నెల్ల కష్టం బండి మీద వేసుకుపోయి ఏట్లో వదలాల్సిందే, ఒకసారి అమ్మవారి చెవికమ్మ పోయిందని నాయన రెండు రోజులు అన్నం ముట్టలేదు, ఇక్కడ చూడబోతే విరిగినదానికే విలువ, విరగని చోట కూడా విరిచి, టీ డికాక్షనూ తుప్పునీళ్ళూ పూసి, నిన్నగాక మొన్న ఓడ దిగిన తెల్లటి రాయిని ముసలవ్వను చేసి పంపాలి, దుబాయ్‌లో ఎవరో పెద్ద హోటలు కడుతున్నారు, భోజనాల గది గోడకు పెడతారట, ఎవరి పిచ్చి వారికి ఆనందం, చేసిపెట్టేవాడికేం పోయింది, రెండోవాడి ముక్కు విరిచాడు, ఐదోవాడి చెయ్యి మోచేతి దగ్గర లేపేశాడు, గద్ద రెక్క కొస కొట్టాడు, కొట్టిన ప్రతిసారీ నాయన వెనక నిలబడి చూస్తున్నాడేమో అని తిరిగి చూశాడు, మూడోవాడి మొహం మాత్రం చూద్దాంలే, ఆఖర్న చేద్దాంలే అని రాయి ముద్దగా వదిలేశాడు, అదే తప్పు, ముద్ద ఎదురుగా ఉంటే ఆచారి చెయ్యి ఊరుకుంటుందా, తల మీద టోపీ ఉంది, మెడ ఉంది, భుజాలు ఉన్నాయి, మధ్యలో పిండిముద్ద, పలక మీద ప్లాస్టిక్ కప్పేవాడు, తీసేవాడు, ముక్కు ఎత్తు ఎంతుందో చూద్దామని మొదట అనుకున్నాడు, చూసి ఆపేద్దామనుకున్నాడు, ముక్కు వచ్చాక పైపెదవి తనంతట తనే వచ్చింది, బుధవారం మధ్యాహ్నం కింది పెదవి దింపుతుంటే ఎడమపక్క కాస్త ఉబ్బు మిగిలింది, చెక్కేద్దామని ఉలి పెట్టి ఆగిపోయాడు, అది తంబాకు ఉబ్బు, ఆ పెదవి కింద తంబాకు పెట్టుకునే మనిషి ఎవరో అప్పాజీకి తెలుసు, తెలిసీ ఆగలేదు, తెలియక చేశానని ఎవరికైనా చెప్పవచ్చు గాని తనకు తను చెప్పుకోలేడు.

సనావుల్లా, ప్రొద్దుటూరు సనావుల్లా, పదకొండేళ్ళు ఒకే గదిలో ఉన్నారు, ఇదే షార్జా ఇండస్ట్రియల్ ఏరియాలో, కంపెనీ క్యాంపులో, కింది మంచం అతనిది, పై మంచం అప్పాజీది, పనిలోనూ అంతే, అప్పాజీ చెక్కింది సనావుల్లా రుద్దాలి, పాలిష్‌మ్యాన్ అని కార్డు మీద రాసుండేది, నువ్వు ఎంత చెక్కినా ఏం లాభం ఆచారీ, నేను రుద్దకపోతే నీ దేవుళ్ళు గూడ కాలిమడమల మాదిరి గరుగ్గనే ఉంటారు అనేవాడు, దేవుళ్ళను ఇక్కడ ఎవరు చెక్కిస్తున్నార్లే సాయిబూ, అన్నీ సింహాలూ గుర్రాలే గదా అనేవాడు అప్పాజీ, శుక్రవారం జుమ్మాకు పోయేటప్పుడు తన సానరాయి తెచ్చి అప్పాజీ చేతిలో పెట్టేవాడు, అరచేతిలో ఇమిడే నల్లరాయి, ఊరి నుంచి తెచ్చుకున్నది, కంపెనీ ఇచ్చిన ప్యాడ్లు ఎన్ని ఉన్నా ఆఖరి నిగ్గు దాంతోనే, జాగర్త ఆచారీ, ఈ పిల్లోళ్ళు ఎత్తుకపోతారు అనేవాడు, ఇవ్వాళ కూడా శుక్రవారమే, షెడ్డంతా ఖాళీ, కంప్రెసర్ ఆపేశారు, బయట ఎండ రేకుల మీద పడి టపటపలాడుతోంది, పెద్ద ఫ్యాను ఒకటి వేడిగాలి తెచ్చి మొహాన కొడుతోంది, సానరాయి పనిముట్ల పెట్టెలో గుడ్డలో చుట్టి ఉంది, తిరిగి తీసుకునే మనిషి లేడు గనక మూడేళ్ళుగా అక్కడే ఉంది, ఒకసారి ఖాళీగా ఉన్నప్పుడు అప్పాజీ సరదాకి అన్నాడు, నీ మొహం చెక్కుతా సాయిబూ, నీ పిల్లలకు పంపుదువు అని, సనావుల్లా రెండు చెవులూ పట్టుకున్నాడు, ఎవరి మొగమన్నా చెక్కు, నాది మాత్రం వద్దు, ఖయామత్ నాడు, తీర్పు రోజున, అల్లా నిన్ను పిలిచి, చెక్కినావు గదా, ఇప్పుడు దీనికి ప్రాణం పొయ్యి అంటాడు, అది నీ చేత గాదు, ఇద్దరం ఇరుక్కుంటాం అన్నాడు, ఇద్దరూ కడుపు పట్టుకుని నవ్వారు, వద్దన్న మనిషి మొహమే ఇప్పుడు రోము సిపాయి టోపీ కింద ఉంది, డాలు పట్టుకుని ఉంది, పొద్దున ముదీర్ ఆ మొహానికి జానెడు దూరంలో నిలబడి చూశాడు, గుర్తుపడతాడేమో అనుకున్నాడు అప్పాజీ, పదకొండేళ్ళు జీతం ఇచ్చిన మనిషి, రోజూ సలాం తీసుకున్న మనిషి, ఎవరైతే నాకేం, తియ్యి, అన్నాడు, అంతే.

నాయన చెప్పిన మాట, కన్ను తెరవనంతసేపూ అది రాయిరా, ఎట్లన్నా కొట్టు, తెరిచినాక దెబ్బ పడిందా, ఆ దెబ్బ నీకే, అందుకే కళ్ళు ఆఖర్న, స్నానం చేసి, మంచి గడియ చూసి, ఎదురుగా నిలబడకుండా ఒక పక్కన నిలబడి తెరవాలి, నిన్న అట్లాగే చేశాడు, తెల్లారుజామున క్యాంపులో స్నానం చేసి, కాఫీ కూడా తాగకుండా వచ్చి, పక్కన నిలబడి సన్న ఉలితో రెండు పాపలూ దించాడు, ఎవడు చెప్పాడు తెరవమని, హోటలు గోడకు పోయే సిపాయికి కన్ను తెరిస్తే ఎంత, తెరవకపోతే ఎంత, మిగతా ఐదుగురికీ ఉత్త గుంటలే, ఫోటోలో అట్లాగే ఉన్నాయి, అరిగిపోయి, వీడొక్కడికే పాపలు, వీడొక్కడే చూస్తున్నాడు, పెయింటు డబ్బా మీద కూర్చున్న అప్పాజీ వైపు కాదు, ఎటో పక్కకు, ఎవరి కోసమో వెతుకుతున్నట్టు, ఆ చూపు తను అనుకుని పెట్టింది కాదు, సైదున్నీసా అడిగిన మాట చెవిలో ఉంటే చేతికి అదే వచ్చినట్టుంది, ప్రతి రంజానుకూ బక్రీదుకూ ఫోను చేస్తుంది, సనావుల్లా భార్య, గొంతు ఎప్పుడూ నెమ్మదే, బాగుండావా అన్నా, తిన్నావా అన్నా, పిల్లోనికి పని దొరికిందన్నా, అన్నీ అయ్యాక ఆఖర్న, ఏమనుకోవద్దన్నా, ఇంగొక్కసారి చెప్పు, ఆయన కండ్లు మూసింది నువ్వే గదా, అని అడుగుతుంది, నేనే మా అంటాడు అప్పాజీ, పక్కనే ఉన్నాను, నేనే మూసినాను, నిమ్మళంగా పోయినాడు అంటాడు, అటుపక్క ఆమె అల్‌హందులిల్లా అనుకుంటుంది, కిందటేడు వీధిలోవాళ్ళు ఎవరో షార్జా వస్తుంటే సేమ్యాల పొట్లం పంపింది, మా ఆయన కండ్లు మూసిన అన్నకు అని చెప్పి మరీ ఇచ్చిందట, తెచ్చిన మనిషి అదే మాట అప్పజెప్పి పొట్లం చేతిలో పెట్టాడు, అప్పాజీ దాన్ని గదిలో వాళ్ళకు ఇచ్చేశాడు, వండుకుని తిన్నారు, తనకు గొంతు దిగలేదు.

రెండు వేల ఇరవై, రంజాను నెల, గదిలో ఆరుగురుండేవాళ్ళు, సనావుల్లా దగ్గడం మొదలుపెట్టగానే నలుగురు పరుపులు చుట్టుకుని వేరే గదికి పోయారు, నువ్వు గూడ పో ఆచారీ అన్నాడు సనావుల్లా, పోనులే అన్నాడు గాని పరుపు తెచ్చి వరండాలో వేసుకున్నాడు, గది లోపలికి పోలేదు, ఒళ్ళు కాలిపోతున్నా రోజా ఉపవాసం విడవనన్నాడు ఆ మొండివాడు, జబ్బులో మాఫీ ఉంటుంది గదయ్యా అంటే రేపు విడుస్తాలే అన్నాడు, సాయంత్రం మసీదు నుంచి ఇఫ్తారు బాంగు వినిపించింది, లోపలి నుంచి ఆచారీ, నీళ్ళు అన్నాడు, గొంతు పీలగా ఉంది, అప్పాజీ నీళ్ళసీసా గడప మీద పెట్టాడు, మంచం గడపకు ఆరడుగుల దూరం, లేవలేను ఆచారీ అన్నాడు, అప్పాజీ చీపురు తెచ్చాడు, చీపురుకట్ట వెనక కొసతో సీసాను మంచం దాకా నెట్టాడు, సీసా దొర్లుకుంటూ పోయి మంచం కోడుకు తగిలి ఆగింది, సనావుల్లా చెయ్యి కిందికి చాచి తడుముకుని తీసుకున్నాడు, థూ నీ యవ్వ అని తిట్టి ఉంటే బాగుండేది, షుక్రియా ఆచారీ అన్నాడు, ఆ మాట ఇన్నేళ్ళయినా చెవిలో అట్లాగే ఉంది, చీపురు పట్టుకున్న చెయ్యి ఇదే, కుడిచెయ్యి, సుత్తి పట్టేదీ ఇదే.

మర్నాడు పొద్దున్నే అంబులెన్సు వచ్చింది, తెల్లబట్టలు తొడుక్కున్నవాళ్ళు ఇద్దరు, సనావుల్లాను చెరో రెక్కా పట్టుకుని మెట్లు దింపారు, మూతికి మాస్కు, కళ్ళు తప్ప ఏమీ కనపడలేదు, ఆ తర్వాత తొమ్మిది రోజులు ఆసుపత్రిలో, పదో రోజున కంపెనీ ఆఫీసుకు ఫోను, ఎవరినీ రానివ్వలేదు, వాళ్ళే పూడ్చారు, ఆఫీసు మనిషి సమాధి నంబరు ఫోటో తీసి పంపించాడు, ఇసక, ఒక రేకు ముక్క, దాని మీద అంకెలు, కళ్ళు ఎవరు మూశారో, ఏ దేశపు నర్సమ్మో, అసలు మూశారో లేదో, సైదున్నీసా ఏడుస్తూ అడిగినప్పుడు లేను మా, తెలీదు మా అని చెప్పడానికి నోరు రాలేదు, ఆమెను ఓదారుద్దామనే చెప్పాడు, అవును, ఆమె కోసమే, అట్లాగే అనుకుంటూ వచ్చాడు, మంచి కోసం చెప్పిన అబద్ధం అబద్ధం కాదంటారు పెద్దలు, మరి ఆ మంచి అబద్ధం సేమ్యాల పొట్లంలో వస్తే గొంతు ఎందుకు దిగలేదు, అలసటగా ఉంది, వయసు అలసట కాదు, రాతి దుమ్ము అలసట కాదు, మూడేళ్ళుగా ఒకే మాటను పడిపోకుండా పట్టుకుని నిలబడిన అలసట, ఎక్కడన్నా దించేద్దామంటే చోటు లేదు.

చాచా, ఇంక అట్లనే కూసున్నవా, అని వెనక నుంచి తారిఖ్ గొంతు, హైదరాబాదు మనిషి, గ్రైండర్ పని, రెండేళ్ళ కిందటే చేరాడు, సనావుల్లాను చూసినవాడు కాదు, నమాజు నుంచి అందరికంటే ముందొచ్చాడు, తల మీద తెల్లటోపీ ఇంకా తీయలేదు, ముదీర్ పార్కింగ్ కాడ ఫోన్ల ఉన్నడు, ఇప్పుడొస్తడు, నువ్వొక పని చెయ్ చాచా, నువ్వు పొయ్యి చాయ్ తాగు, నేను గ్రైండర్ పెట్టి ఏక్ మినిట్‌ల సాఫ్ చేస్తా, పైన రెండు ఉలి దెబ్బలు నువ్వు కొట్టుకో, నువ్వు చెక్కినవు గదా, నువ్వెట్ల కొడ్తవు, సూడకు, పో, అన్నాడు, మంచివాడు, మంచికే చెబుతున్నాడు, అప్పాజీకి ప్రాణం లేచొచ్చింది, అవును గదా, ఇంత సులువైన పనికి ఇంతసేపు కూర్చున్నానే, చేసేవాళ్ళు చేస్తారు, తను కాస్త ఎడంగా ఉంటే చాలు, అయిపోయాక రావచ్చు, లేచాడు, మోకాళ్ళు కలుక్కుమన్నాయి, సుత్తి పెట్టెలో వేశాడు, షెడ్డు వాకిలి దాకా నడిచాడు, అక్కడ ఇనప స్తంభం ఉంది, దాని పక్కన ఆగాడు, వెనక తారిఖ్ ప్లగ్గు పెట్టిన చప్పుడు, గ్రైండర్ గుర్రుమని లేచింది, చూడకూడదనుకుంటూనే అప్పాజీ స్తంభం చాటు నుంచి తల వంచి చూశాడు, మూడో సిపాయి తననే చూస్తున్నాడు.

సరిగ్గా తననే, షెడ్డులో ఇంకెక్కడ నిలబడినా అందని చూపు ఈ స్తంభం దగ్గర అందుతోంది, ఆ పొద్దున క్యాంపులో కూడా స్తంభమే, మెట్ల కింద సిమెంటు స్తంభం, తెల్లబట్టలవాళ్ళు దింపుతుంటే సనావుల్లా మధ్యలో ఆగి పక్కకు తిరిగాడు, వెతికాడు, వరండాలో నిలబడ్డవాళ్ళందరి మీదా కళ్ళు తిప్పాడు, ఎవరి కోసమో అందరికీ తెలుసు, అప్పాజీకి తెలుసు, తెలిసి ఒక అడుగు వెనక్కి వేసి స్తంభం చాటుకు పోయాడు, చెయ్యి ఊపితే ఎక్కడ దగ్గరికి రమ్మంటాడో అని, చాటు నుంచి చూశాడు, ఆ కళ్ళు వెతికి వెతికి స్తంభం దగ్గర ఒక్క క్షణం ఆగాయి, చూశాడో చూడలేదో, ఇంతకాలం చూడలేదులే అనుకుంటూ వచ్చాడు, ఉలి మాత్రం చూశాడనే చెక్కింది, ఇప్పుడు మళ్ళీ ఎవరో పరాయివాళ్ళు వచ్చి అతని మొహం మీద చెయ్యి వేస్తుంటే, మళ్ళీ స్తంభం చాటున తనే, చాయ్ తాగి వస్తాడట.

ఆపు తారిఖూ, ఆపు, అని అరిచాడు, గ్రైండర్ ఆగింది, ఏమైంది చాచా అని ఆ కుర్రాడు బెదిరిపోయి చూస్తున్నాడు, మొహం మీద ఇంకా పడలేదు, టోపీ అంచున ఒక్క గీత, అప్పాజీ గబగబా నడిచి వచ్చి, పక్కకు జరుగు నాయనా, నేనే చేస్తా అన్నాడు, చెయ్యగలవా అని తారిఖ్ అంటుండగానే దుమ్ము మాస్కు మెడ కిందికి లాగేశాడు, బల్ల మీది నీళ్ళసీసా తీసుకుని, దగ్గరగా, ఊపిరి తగిలేంత దగ్గరగా నిలబడి, సిపాయి మొహం మీద నీళ్ళు పోశాడు, ఏ రాతికైనా పని ముందు నీళ్ళు పోస్తారు, దుమ్ము అణగడానికి, అందుకే పోశాననుకుంటాడు తారిఖ్, పెదవుల మీద నీళ్ళు నిలిచి కారిపోయాయి, అరచేత్తో తుడిచాడు, పెట్టెలో గుడ్డ విప్పి నల్ల సానరాయి తీశాడు, అరచేతిలో ఇమిడింది, ఎడమకంటి పాప మీద ఆనించి రుద్దాడు, తెల్లటి రాతిపాలు వచ్చింది, మళ్ళీ నీళ్ళు, మళ్ళీ రుద్దాడు, ఎట్లాగూ కొట్టేసేదే గదా చాచా, నున్నగ చేసుడు ఎందుకు అన్నాడు తారిఖ్, కండ్లు మూసి పంపాలప్పా అన్నాడు అప్పాజీ, తెరిచిన కన్ను ఎట్లా మూయాలో నాయన చెప్పలేదు, చెప్పే అవసరం ఆయనకు రాలేదు, పాప గుంట పూడదు, చుట్టూ ఉన్న రాయిని దాని లోతుకు దించాలి, దించాడు, గీత మాసింది, కుడికన్ను, అదీ మాసింది, బొటనవేలితో పైనుంచి కిందికి ఒకసారి నిమిరాడు, వెతికే చూపు పోయింది, నున్నటి రెప్ప మిగిలింది, వాకిట్లో ముదీర్ చెప్పుల చప్పుడు, యల్లా ఆచారీ, అయిందా అని కేక, అవుతోంది అన్నాడు అప్పాజీ, తొందర లేకుండా ఉలీ సుత్తీ తీసుకున్నాడు.

రాతి కళ్ళు మూస్తే మనిషి కళ్ళు మూసినట్టవుతుందా, కాదు, అంత పిచ్చివాడు కాదు అప్పాజీ, చెప్పిన అబద్ధం దీంతో నిజమైపోదు, కానీ ఆమె కోసం చెప్పానని ఇన్నాళ్ళూ అనుకున్నది మాత్రం ఇంక అనుకోలేడు, ఆమె కోసం కాదు, ఆ స్తంభం ఎవరికీ కనపడకూడదని చెప్పాడు, ఉలి మొన మూడోవాడి నుదుటి మీద, టోపీ అంచు కింద ఆనించాడు, రంజానుదాకా బక్రీదుదాకా ఆగక్కర్లేదు, ట్రక్కు పోయాక తనే ఫోను చేస్తాడు, మొదటిసారి తనే చేస్తాడు, ఏంది అన్నా ఈ యేళప్పుడు అని ఆమె కంగారుపడుతుంది, తిడుతుందో, ఏడుస్తుందో, ఇంకెప్పుడూ అన్నా అని పిలవదో, అది ఆమె ఇష్టం, చెప్పాల్సింది పెద్ద మాటేం కాదు, ఇంత చిన్న మాటను మూడేళ్ళు ఎందుకు మోశాడో, నేను పక్కన లేను మా, ఆయన నా కోసం చూసినాడు, నేను భయపడి దాక్కున్నాను, అంతే.